పెనం ఎక్కితేనే పడవెక్కుతా

ఆ ఉదయం స్కార్‌నెస్‌లో తలుపులు కూడా మెల్లగా వేసుకున్నారు. పిల్లలు కేకలు వేస్తే తల్లులు నోళ్ళు మూశారు. కుక్కల్ని ఇళ్ళలోకి తోలారు. ఏ పని చేస్తున్నా అందరి చూపూ పైకే.

ఊరి వెనక నిలబడ్డ కొండను అక్కడివాళ్ళు ముసలాయన అంటారు. తాతల నాటి నుంచీ అదే పేరు. ముసలాయన పాదాల దగ్గర ఇళ్ళు, ఇళ్ళ ముందు రేవు, రేవు ముందు ఫియోర్డు, అంటే కొండల మధ్యకి చొచ్చుకొచ్చిన సముద్రపు పాయ, దాని నల్లటి నీళ్ళు. అంత పెద్ద కొండ కింద అంత చిన్న ఊరు ఎందుకు పెట్టారో తెలియదు. బహుశా అప్పట్లో చేపలు ఇటే వచ్చి ఉంటాయి. చేపలున్న చోట మనిషి కొండ ఎత్తు చూడడు.

రోజుల తరబడి మంచు కురిసింది. కురిసినన్నాళ్ళూ ఎవరూ భయపడలేదు. పారలతో దారులు చేసుకున్నారు, పొయ్యిల్లో కట్టెలు వేసుకున్నారు. తెల్లవారుజామున గాలి నైరుతికి తిరిగి చలి మెత్తబడింది. చూరు నుంచి నీటిచుక్క రాలింది. ఆ చుక్క చూసి భయపడ్డారు. పైన పేరుకున్న మంచు తడిసి బరువెక్కితే కిందనున్న పొడిమంచు దాన్ని మొయ్యలేదు, చిన్న చప్పుడుకే అంతా జారి పడుతుందంటారు. ఈ సంగతి అక్కడ చంటిపిల్లలకి కూడా తెలుసు.

అప్పటికే ఊరికి అటూ ఇటూ రోడ్డు మీద చిన్న చిన్న మంచు జారుళ్ళు పడి దారి మూసుకుపోయింది. ఇక మిగిలింది నీళ్ళ దారి. ముసలాయన కింద ఇళ్ళన్నీ మధ్యాహ్నంలోగా ఖాళీ చెయ్యాలని పట్నం నుంచి పోలీసు అధికారి ఫోను చేశాడు. కార్లు ఎక్కించుకునే ఫెర్రీ రేవుకు వచ్చి ముందు తలుపు నేల మీద వాల్చి, నోరు తెరిచిన చేపలాగా నిలబడింది.

రేవు పక్కనే హల్వార్ కొట్టు. కింద సరుకు, పైన కాపురం. భార్య పోయాక ఆ కొట్టే అతనికి సంసారం. తాళ్ళు, వలలు, పిండి బస్తాలు, రబ్బరు బూట్లు, కిరోసిను, కాఫీ, అన్నీ దొరుకుతాయి. హల్వార్ లెక్క తప్పని మనిషి. ప్రతి వస్తువుకీ ఒక ధర ఉంటుందని, ధర లేని వస్తువంటే ఇంకా ఎవరూ బేరం ఆడనిదేనని అతని నమ్మకం. ఆ తీరంవాళ్ళకే పైసా రాల్చని గట్టి చేతివాళ్ళని పేరు. అందులో హల్వార్‌ది ఇంకాస్త గట్టి చెయ్యి.

అందుకే ఆ పొద్దున కూడా లెక్కే వేశాడు. కొండ కింద ప్రమాదపు గీత ఎక్కడిదాకా ఉందో పోలీసు అధికారినే అడిగాడు.

"మీ కొట్టు గీతకి బయటే ఉందండీ. అయినా మీరూ వచ్చేస్తేనే మంచిది," అన్నాడు అధికారి ఫోన్లో.

హల్వార్‌కి మొదటి సగమే వినిపించింది. కొట్టు రేవు దగ్గర చదును మీద ఉంది. ఇళ్ళేమో వాలులో ఉన్నాయి. వాలులోవాళ్ళు వెళ్ళాలి, చదునులోవాడు ఉండాలి. పైగా చూరు నుంచి కారే నీళ్ళు నేలమాళిగలోకి దిగుతాయి, అక్కడ పిండి బస్తాలున్నాయి. వాటిని మేడ మీదికి చేర్చకపోతే ఒక చలికాలం వ్యాపారం తడిసిపోతుంది. ఉండిపోవడమే లాభమని తేల్చుకుని చొక్కా చేతులు మడిచాడు.

అప్పుడు కొట్టు తలుపు మెల్లగా తోసుకుని ఫెర్రీ కెప్టెన్ ఓస్మున్ వచ్చాడు. పెద్ద మనిషి, పెద్ద గొంతు. ఆ రోజు గొంతు తగ్గించి మాట్లాడుతుంటే వేరే ఎవరో మాట్లాడుతున్నట్టుంది.

"అందరూ ఎక్కేశారోయ్. ఆ తోర్లైవ్ తన గొర్రెల్ని కూడా ఎక్కించాడు. ఒక్క పేర్నీయే రాలేదు."

హల్వార్ బస్తా మీద చెయ్యి తియ్యలేదు. "పిలవకపోయావా?"

"రెండుసార్లు మనిషిని పంపా. కాఫీ తాగుతూ కూర్చుందిట. ఆ పడవ ఎక్కను అందిట."

"నేను పిలిస్తే అసలు ఎక్కదు. నీకు తెలీనిదేముంది?"

"ఆవిడ ఎక్కనిది ఎవరివల్లో కూడా నాకు తెలుసు." ఓస్మున్ టోపీ తీసి మళ్ళీ పెట్టుకున్నాడు. "ఆవిడ్ని వదిలేసి నేను తాడు విప్పను. అలాగని ఇంతమందిని ఈ ముసలాయన కింద ఎంతోసేపు ఉంచలేను. నీ పెద్దమ్మ, నువ్వే తీసుకురా."

ఇక్కడ ఆ పాత సంగతి చెప్పాలి.

పేర్నీ హల్వార్ తల్లికి అక్క. ఆ ఫెర్రీ మీద కాఫీ కౌంటరు ఒకప్పుడు ఆమెదే. ఈ ఒడ్డు నుంచి ఆ ఒడ్డుకు వెళ్ళే ఆ కాస్త సేపట్లో జనం కార్లు దిగి, మెట్లెక్కి, పైన హాల్లోకి వచ్చేది సముద్రం చూడ్డానికి కాదు, స్వేల కోసం. పుల్లమజ్జిగలో పిండి, గుడ్లు, పంచదార కలిపి, రొట్టె పొంగడానికి ముక్కుపుటాలు అదిరే కొమ్ముప్పు చిటికెడు వేసి, నాననిచ్చి, నల్లటి ఇనప పెనం మీద పోస్తుంది. అరచేతికి మించిన రొట్టె, మెత్తగా, బుగ్గల్లా పొంగి వస్తుంది. దాన్ని వేడి మీదే వెన్న రాసి, పంచదార చల్లి, సగానికి మడిచి కాగితంలో పెట్టి ఇస్తుంది. కొందరు పంచదార బదులు గోధుమరంగు మేకపాల చీజ్ పలచగా కోసి పెట్టమంటారు. మడత విప్పకుండా నిలబడే తింటారు. తినడం అయ్యేసరికి రేవు వస్తుంది.

కౌంటరుని హల్వార్ గుత్తకి తీసుకున్నాక ఆమె అతని దగ్గర జీతానికి పనిచేసే మనిషైంది. అతను లెక్క వేశాడు. పిండి నానడానికి పట్టే సేపు, మిగిలిపోయి పారబోసే పిండి, హాలంతా పట్టే ఆ ఘాటు వాసన, ఇవన్నీ నష్టం కింద చూపించాడు. పట్నంలో ఒక ఫ్యాక్టరీ యంత్రాలతో చేసి, ప్యాకెట్లలో పంపే స్వేలలు తెప్పించాడు. వేడి చేసి ఇవ్వడమే పని. పెనం విప్పించి తన కొట్టు వెనక పడేయించాడు.

పేర్నీ కేక వెయ్యలేదు. ఏప్రాన్ విప్పి, నాలుగు మడతలు వేసి, కౌంటరు మీద పెట్టి, రేవు రాగానే దిగిపోయింది. మళ్ళీ ఆ పడవ ఎక్కలేదు. పట్నంలో పనుంటే ఫియోర్డు చుట్టూ బస్సులో పూటంతా తిరిగి వెళ్ళేది.

జనం కూడా ఏమీ అనలేదు. ఆ తీరంలో ఎవరూ ఏమీ అనరు. ఎలా ఉన్నాయని హల్వార్ అడిగితే, "పర్లేదు" అన్నారు. ఆ తర్వాత కార్లలోంచి దిగడం మానేశారు. పోస్టు పంచే ఊలౌగ్ ప్రతి ట్రిప్పులోనూ స్టీరింగు మీద గడ్డం ఆనించుకుని కూర్చునేది. తోర్లైవ్ ఇంటి నుంచి ఫ్లాస్కులో కాఫీ తెచ్చుకునేవాడు. ఖాళీ హాలు, ఖాళీ బల్లలు, వేడి పెట్టెలో చెమట పట్టిన ప్యాకెట్లు. ఇంత మంది ఇంత కాలం ఒక్క మాట కూడా అనుకోకుండా ఒకే పని ఎలా చెయ్యగలిగారా అని హల్వార్‌కి రాత్రులు ఆశ్చర్యంగా ఉండేది. తిడితే బదులు చెప్పొచ్చు. తిట్టనివాళ్ళకి ఏం బదులు చెబుతాం? అయినా పెనం వెనక్కి తేలేదు. ఒకసారి వేసిన లెక్క తప్పని ఒప్పుకోవడం అతనికి కొట్టు తగలబెట్టుకోవడంతో సమానం.

ఇప్పుడు ఆ పెద్దమ్మ కొండ కింద కూర్చుని కాఫీ తాగుతోంది.

హల్వార్ తోపుడు స్లెడ్జి తీసుకుని వాలెక్కాడు. మంచు మీద జారే ఆ బండికి ముందు కుర్చీ ఉంటుంది, వెనక నిలబడి ఒక కాలితో తన్నుకుంటూ పోవచ్చు. ఎత్తు ఎక్కేటప్పుడు మాత్రం దాన్ని మనమే మొయ్యాలి. ఇళ్ళ మధ్య ఒక్క మనిషి లేడు. పొగగొట్టాల్లోంచి పొగ మాత్రం వస్తోంది. తల ఎత్తితే ముసలాయన భుజం ఆకాశానికి సగం అడ్డంగా ఉంది. పుట్టినప్పటి నుంచీ చూస్తున్న కొండే. అయినా ఆ రోజు మొదటిసారి అది తనని చూస్తున్నట్టు అనిపించింది. అడుగు చప్పుడు కాకుండా నడిచాడు. ఎందుకు అలా నడుస్తున్నానని తనని తాను తిట్టుకున్నాడు, అలాగే నడిచాడు.

పేర్నీ వంటింట్లో కిటికీ దగ్గర కూర్చుంది. ఒంటి మీద కోటు ఉంది, కాళ్ళకు బూట్లున్నాయి, ఒళ్ళో చేతిసంచీ ఉంది. వెళ్ళడానికి సిద్ధమైన మనిషే. వెళ్ళడమే లేదు.

"కాళ్ళు దులుపుకుని రా," అంది.

"పెద్దమ్మా, లే. అందరూ నీకోసమే చూస్తున్నారు."

"ఎందుకు చూడటం? వెళ్ళమను."

"కొండ చూశావా?"

"నీకంటే ముందు నుంచీ చూస్తున్నాను."

"పడితే ఇల్లుండదు, నువ్వూ ఉండవు."

"నీ ప్యాకెట్లు ఉంటాయిగా. అవి చాలు ఊరికి."

హల్వార్ ఆమె కోటు కేసి చూశాడు. బేరంలో ఎదుటివాడు మొదటి మాట ఎక్కడ పెట్టాడో చూసి, దాన్ని బట్టి ఆఖరి మాట ఎక్కడ ఉంటుందో పసిగట్టడం అతని వృత్తి. ఈవిడ అప్పుడే కోటు వేసుకుంది. అంటే అమ్మకానికి సిద్ధమే, ధర చెప్పడం లేదు.

"సరే. ఏం కావాలో చెప్పు," అన్నాడు.

పేర్నీ కప్పు కింద పెట్టింది. ఆమె కళ్ళలో నవ్వు లాంటిదేదో మెరిసింది.

"పెనం ఎక్కితేనే నేను పడవెక్కుతా."

"ఏ పెనం?"

"నా పెనం. నీ కొట్టు వెనక ఉంది. ఇనప సామానుకి అమ్మబోయావట. ఈ ఫియోర్డులో ఒక్కడూ ధర కూడా అడగలేదట."

అది నిజమే. దాని ధర అడగడం కూడా తప్పన్నట్టు ఊళ్ళో అందరూ మొహం తిప్పుకున్నారు. ఈ సంగతి ఆమెకి ఎలా తెలిసిందో హల్వార్‌కి అర్థం కాలేదు. ఏమీ మాట్లాడని జనం ఇన్ని కబుర్లు ఎప్పుడు మోశారు?

"ఇప్పుడా పెద్దమ్మా? ఈ గండంలో పిండి కలుపుతూ కూర్చుంటావా?"

"కలపక్కర్లేదు. రోడ్డు మూసుకుపోతే జనం ఇళ్ళలో కూర్చోలేరు, కాఫీకని నా దగ్గరికి వస్తారు. అందుకే తెల్లారకుండానే కలిపి పెట్టా. నానింది." చేత్తో చూపించింది. పొయ్యికి దూరంగా, మూత పెట్టిన పెద్ద పాల బిందె. కొమ్ముప్పు ఘాటు మూతలోంచే తెలుస్తోంది. "ఒక్కళ్ళూ రాలేదు. అందరూ పడవ ఎక్కేశారు."

ఆ ఆఖరి మాటలో గొంతు కొద్దిగా తగ్గింది. హల్వార్ అది విన్నాడు గానీ విననట్టు ఊరుకున్నాడు.

"సరే. పెనం తెస్తా. లే."

"ఇంకోటుంది."

"ఇంకేంటి?"

"వెన్న నువ్వే రాయాలి. నా పక్కన నిలబడి. ఈ పూటంతా."

"నేను రాను పెద్దమ్మా. నాకు కొట్టుంది. బస్తాలు మేడెక్కించాలి. నా కొట్టు గీతకి బయటుంది."

"నా చేతులు ఒకప్పట్లా లేవురా. పొయ్యడం, తిప్పడం, రాయడం, మడవడం ఒక్కదాన్నే చెయ్యలేను. నువ్వు రాస్తానంటే వస్తా. లేకపోతే ఇక్కడే ఉంటా."

"ఓస్మున్ పనివాళ్ళలో ఎవరైనా రాస్తారు."

"వాళ్ళెవరూ నా పెనం విప్పలేదు."

కిటికీ బయట చూరు నుంచి చుక్కలు పడుతున్నాయి. ఇంతకుముందు ఒక్కో చుక్క విడివిడిగా వినిపించింది, ఇప్పుడు ధారగా వినిపిస్తోంది. ఎక్కడో చాలా పైన ఏదో మూలిగినట్టయింది. గుమ్మం కీచుమనడానికీ, పశువు మూలగడానికీ మధ్యన ఉండే శబ్దం. పేర్నీ చెయ్యి చేతిసంచీ మీద బిగుసుకుంది. ఆమెకి కూడా భయంగానే ఉందని హల్వార్‌కి అప్పుడు తెలిసింది. భయంగా ఉండి కూడా బేరం ఆపడం లేదు. ఆ గుండెకి అతను లోపల్లోపల దణ్ణం పెట్టుకున్నాడు.

మనసులో గబగబా లెక్క వేశాడు. ఆ ఒడ్డుకి వెళ్ళి, ఈవిడని దింపి, తిరుగు ట్రిప్పులో వచ్చేస్తే బస్తాలు కాసిని తడుస్తాయి. కాసినే.

"రాస్తా," అన్నాడు.

"సన్నగా కాదు."

"సన్నగా కాదులే, రా!"

ఆమెని స్లెడ్జి కుర్చీలో కూర్చోబెట్టి, పాలబిందె ఒళ్ళో పెట్టి, వెనక నిలబడి వాలు మీద వదిలాడు. బిందెని రెండు చేతులా పట్టుకుని, "మెల్లగా పోనీరా, ఒలుకుతుంది! ఒరేయ్!" అని పేర్నీ గొంతు తగ్గించి కేకలు వేసింది. గొంతు తగ్గించి కేకలు వెయ్యడం మనుషులకి సాధ్యమని ఆ రోజే తెలిసింది. కొట్టు దగ్గర ఆగి, వెనకనున్న పెనాన్ని మంచులోంచి పెళ్ళగించాడు. పొయ్యితో సహా అదొక చిన్న దూడ బరువుంటుంది. రేవు మీద నుంచి చూస్తున్న తోర్లైవ్ ఏమీ అడక్కుండా వచ్చి రెండో పక్క పట్టాడు. ఇద్దరూ మోసుకుని ఎక్కుతుంటే కార్లలోంచి మొహాలు కనిపించాయి. ఒక్క మొహమూ నవ్వలేదు. కానీ ఒక కారు తలుపు తెరుచుకుంది. తర్వాత ఇంకోటి.

ఓస్మున్ తాడు విప్పించాడు. రేవు వెనక్కి జరిగింది. కొట్టు తలుపుకి తాళం వెయ్యలేదని హల్వార్‌కి నీళ్ళ మధ్యకి వెళ్ళాక గుర్తొచ్చింది.

కౌంటరు దగ్గర కరెంటు తగిలిస్తే పెనం వేడెక్కింది. పేర్నీ గరిటెతో మొదటి వాయి పోసింది. పిండి చుట్టూ చిన్న చిన్న బుడగలు వచ్చి, పగిలి, గుంటలయ్యాయి. ఘాటు వాసన లేచి, అందరి కళ్ళల్లో నీళ్ళు తెప్పించి, తర్వాత తీయటి వేపుడు వాసనగా మారింది. మెట్ల మీద బూట్ల చప్పుడైంది. వరస కట్టారు. ఊరు ఊరంతా ఆ హాల్లో, ఒకళ్ళ వెనక ఒకళ్ళు. ఎవరి ఇల్లు ఎవరికి మళ్ళీ కనిపిస్తుందో తెలియని రోజున వాళ్ళు వరస తప్పకుండా నిలబడ్డారు.

ముందు ఊలౌగ్ ఉంది. హల్వార్ వెన్న రాశాడు. పేర్నీ పక్క చూపు చూసింది. అతను ఇంకాస్త రాశాడు. ఊలౌగ్ మడత కొరికి, నమిలి, కిటికీలోంచి కొండకేసి చూస్తూ, "మరీ చెడ్డగా లేదు," అంది.

ఆ తీరంలో అంతకు మించిన పొగడ్త పెళ్ళి విందులో కూడా వినపడదు. పేర్నీ చెవులు ఎర్రబడ్డాయి.

"చక్కెర ఇంకొంచెం చల్లరా పీనాసీ," అంది హల్వార్‌తో, మొహం దాచుకోవడానికి.

కింద డెక్కు మీద తోర్లైవ్ గొర్రెలు ఎక్కినప్పటి నుంచీ అరుస్తున్నాయి. అవి ఒక్కసారిగా మానేశాయి.

అరుపు ఆగడం అందరూ విన్నారు. అందరూ ఒకేసారి కిటికీల వైపు తిరిగారు.

ముసలాయన భుజం మీద ఒక గీత కనిపించింది. పెన్సిలుతో గీసినంత సన్నగా, నీలంగా ఉంది. అది ఈ చివర నుంచి ఆ చివరకి పాకింది. పాకుతుంటే అందంగా ఉంది. ఆ మాట తర్వాత పైకి చెప్పడానికి చాలామంది సిగ్గుపడ్డారు గానీ, చూసినవాళ్ళందరికీ అందంగానే కనిపించింది. గీతకి కిందనున్న తెల్లదనం అంతా, అంచులు చెక్కుచెదరకుండా, మంచం మీద నుంచి దుప్పటి జారినట్టు జారింది. మెల్లగా జారింది. అంత పెద్దది అంత దూరం నుంచి మెల్లగానే కనిపిస్తుంది. దుప్పటి ముడతలు పడింది. ముడతలు ముక్కలయ్యాయి. ముక్కల్లోంచి తెల్లటి పొగ లేచి, కొండ కంటే ఎత్తుకి పెరిగి, ముందుకి వంగింది.

చప్పుడు అప్పుడొచ్చింది. చెవులకి కాదు, కాళ్ళకి. నేలలోంచి ఎక్కి, మోకాళ్ళలోంచి పొట్టలోకి వచ్చి, పళ్ళు కదిపింది. ఆ పొద్దున్నుంచీ కొండ ముందు మెల్లగా మాట్లాడిన మనుషులందరి మాటా ఒక్కసారి అది మాట్లాడేసినట్టు ఉంది.

"కూర్చోండి! కింద కూర్చోండి, దేన్నైనా పట్టుకోండి!" స్పీకరులో ఓస్మున్ గొంతు. ఆ గొంతు మళ్ళీ దాని సైజుకి వచ్చింది. రాబోయే అలకి ఎదురు నిలవడానికి పడవ ముక్కు కొండ వైపు తిరగడం మొదలుపెట్టింది.

మంచు పొగ నీళ్ళ మీద పరుగెత్తుకొచ్చింది. ముందు ఊరు కనబడకుండా పోయింది, తర్వాత రేవు, తర్వాత నీళ్ళు. కిటికీలు తెల్లబడ్డాయి, తర్వాత బూడిదరంగయ్యాయి, తర్వాత నల్లబడ్డాయి. పట్టపగలు గోనెసంచీలో కట్టేసినట్టయింది. గాలి ఎక్కడెక్కడి సందుల్లోంచో ఈలలు వేస్తూ దూరింది. హల్వార్ ఒక చేత్తో కౌంటరు కమ్మీ, రెండో చేత్తో పేర్నీని పట్టుకున్నాడు. ఆమె పెనం మీదికి వంగి బిందెని పొట్టకి అదుముకుంది. చీకట్లో పెనం పొయ్యికున్న చిన్న దీపం ఎర్రగా ఒక్కటే వెలుగుతోంది. దాని చుట్టూ అన్ని మొహాలూ అటే తిరిగి ఉన్నాయి.

అల వచ్చింది. పడవ ముక్కు లేచింది. లేస్తూనే ఉంది, ఇంక దిగదేమో అనిపించేంత వరకూ లేచింది. కప్పులు బల్లల మీంచి వరసగా దూకాయి. కింద కార్లు ఒకదానికొకటి ఒరుసుకున్నాయి. తర్వాత ముక్కు దిగింది. మళ్ళీ లేచింది, ఈసారి కొంచెం తక్కువ. మళ్ళీ దిగింది.

తర్వాత ఏ చప్పుడూ లేదు.

అంత నిశ్శబ్దం హల్వార్ ఎప్పుడూ వినలేదు. దానికి బరువుంది. అది భుజాల మీద కూర్చుంది. ఎవరో మోచేత్తో కిటికీ తుడిచారు. లోపలి వైపు తుడిస్తే ఏమొస్తుంది, బయట మంచు అతుక్కుని ఉంది. అది దానంతట అదే జారి, అద్దం మీద ఒక కన్నంత చోటు ఇచ్చింది. అక్కడి నుంచి వెలుగు వచ్చింది. బయట ఆకాశం నీలంగా ఉంది. ఇంత జరిగాక ఆకాశం అంత నీలంగా ఉండటం ఎవరికీ నమ్మబుద్ధి కాలేదు.

ఒక్కొక్కళ్ళే డెక్కు మీదికి వెళ్ళారు. పడవ మొత్తం తెల్లగా, అంచు కమ్మీలు, తాళ్ళు, పడవ ముందున్న గంట, అన్నీ పిండి అద్దినట్టు ఉన్నాయి. ఫియోర్డు నిండా మంచుగడ్డలు ఒకదాన్నొకటి రాసుకుంటూ గుసగుసలాడుతున్నాయి.

ఇళ్ళు ఉన్నాయి.

వాలులో ఇళ్ళన్నీ, తెల్లగా పూత పూసుకుని, ఉన్నచోటే ఉన్నాయి. పేర్నీ ఇంటి పొగగొట్టంలోంచి పొగ కూడా వస్తోంది. జారిన మంచు ఇళ్ళ మీదుగా రాలేదు. ఊరి పైన ఎత్తు దగ్గర పక్కకి తిరిగి, వాగు దారి పట్టి, ఎవరూ గీత గీయని చోట చదును మీదికి వచ్చి పడింది. పట్నంలో పటం మీద గీత గీసినవాళ్ళూ, ఊళ్ళో పుట్టి పెరిగినవాళ్ళూ అది అటు తిరుగుతుందని అనుకోలేదు. ముసలాయన ఎవర్నీ అడగలేదు.

హల్వార్ కొట్టు కోసం చూశాడు. ముందు రేవు ఎక్కడుందో గుర్తుపట్టాలి, రేవుకి ఎడమ పక్కన ఎర్ర చెక్క గోడ. రేవు సగం ఉంది. ఎడమ పక్కన ఏమీ లేదు. విరిగిన చెక్క లేదు, పెంకు లేదు, తేలే బస్తా లేదు. పరిచి చేత్తో సర్దిన దుప్పట్లా నున్నగా తెల్లగా ఉంది. అక్కడ ఎప్పుడూ ఏమీ లేదన్నట్టుంది. అతను చూపు మళ్ళీ రేవు దగ్గర మొదలుపెట్టి వెతికాడు. కళ్ళు పొరపాటు పడి ఉంటాయని మూడోసారీ వెతికాడు. నేలమాళిగ మెట్ల మీద, చొక్కా చేతులు మడిచి, భుజాన బస్తాతో తానెక్కడ నిలబడి ఉండేవాడో ఆ చోటు వెతుకుతున్నానని అప్పుడు అర్థమైంది. డెక్కు అంచు కమ్మీ పట్టుకున్నాడు.

పేర్నీ పక్కకొచ్చి నిలబడింది. ఏ విషయంలోనైనా ఆఖరి మాట తనదే కావాలనే మనిషి. ఆమె తన ఇంటిని చూసింది, అతని కొట్టు ఉండాల్సిన చోటు చూసింది, చాలాసేపు చూసింది. ఆమె చెయ్యి వచ్చి అతని మోచెయ్యి పట్టుకుంది. చేతికి పిండి అంటుకుని ఉంది.

స్పీకరు గరగరలాడింది. ఓస్మున్ పట్నానికి రేడియోలో చెబుతున్నాడు. ఆ మాట పడవంతా వినిపించింది.

"అందరూ ఉన్నాం. ఎవరికీ ఏమీ కాలేదు." కొంచెం ఆగాడు. "హల్వార్ కూడా ఉన్నాడు."

డెక్కు మీద ఎవరూ అతని వైపు తిరగలేదు. తిరగకపోవడం అక్కడి మర్యాద. కానీ ఆ పేరు దగ్గర అందరూ ఒకేసారి ఊపిరి వదిలినట్టు గాలిలో ఆవిర్లు లేచాయి. ఈ ఊరివాళ్ళంతా, తనతో మాట్లాడకుండా కార్లలో కూర్చున్న ఈ మనుషులంతా, తను కొట్టులో ఉండిపోదామనుకున్న సంగతి తెలిసి, చీకట్లో ఆ సంగతే తలుచుకున్నారని హల్వార్‌కి తెలిసింది.

"మాడుతున్నాయి," అంది పేర్నీ ఉన్నట్టుండి. "పెనం మీద వాయి వదిలేసి వచ్చా." గబగబా లోపలికి నడిచింది.

నల్లగా మాడినవి తీసి పారేసి, పెనం తుడిచి, మళ్ళీ గరిటె ఎత్తింది. బిందెలో పిండి సగం మిగిలింది. జనం ఒక్కొక్కళ్ళే లోపలికొచ్చారు. జుట్టు మీద, కనుబొమ్మల మీద మంచు అలాగే ఉంది. నేల మీద కప్పుల ముక్కలు పక్కకి నెట్టి మళ్ళీ వరస కట్టారు. ఎవరు ఎవరి వెనక నిలబడ్డారో అందరికీ గుర్తుంది. ఇంతకుముందు ఎక్కడ ఆగిందో అక్కడి నుంచే.

హల్వార్ కౌంటరు వెనక్కి వెళ్ళలేకపోయాడు. నిలబడ్డానికి ఒక చోటు కావాలి గనక వరస చివర నిలబడ్డాడు.

అతని ముందున్న తోర్లైవ్ వెనక్కి చూశాడు. ఒక అడుగు పక్కకి వేశాడు. తోర్లైవ్ ముందున్నావిడ కూడా ఒక అడుగు పక్కకి వేసింది. ఆవిడ ముందున్నాయన కూడా. అలా చప్పుడు లేకుండా చివర నుంచి మొదటి దాకా వరసంతా పక్కకి జరిగింది. ఆ దేశంలో వరసలో చోటు రాజు వచ్చినా ఎవరూ ఇవ్వరు. రోగం వస్తే ఇస్తారు, అది కూడా అడిగితేనే. హల్వార్ ముందు సందు తెరుచుకుంది. సందు చివర పెనం, పెనం వెనక పేర్నీ.

"రా," అంది ఊలౌగ్. అంతే అంది.

అతను నడిచాడు. చెయ్యి చాపితే అందేంత దగ్గరగా రెండు వైపులా మనుషులు. ఒక్కళ్ళూ భుజం తట్టలేదు, ఒక్కళ్ళూ ఓదార్చలేదు. నడుస్తుంటే అతనికి కొండ కదిలినప్పటి కంటే ఎక్కువ గగుర్పాటు కలిగింది. ఆ కొండ కంటే పెద్దది ఏదో తనకి తెలియకుండా ఇన్నాళ్ళూ ఈ హాల్లో ఉందని, తను రోజూ దాని పక్కనుంచే నడిచాడని అనిపించింది.

పేర్నీ వేడి స్వేల ఒకటి తీసింది. వెన్న కత్తి తానే పట్టుకుని, అంచుల దాకా రాసి, పంచదార చల్లి, మడిచి, కాగితంలో పెట్టి అతని చేతికిచ్చింది.

అతను కొరికాడు. వెన్న కారి మణికట్టు మీదికి పాకింది. పొద్దుటి నుంచీ ఏమీ తినలేదు. నాలిక మీద తీపి, వెనక చిన్న ఘాటు, మధ్యలో వెచ్చటి మెత్తదనం. అలవాటు కొద్దీ మనసు లెక్క మొదలుపెట్టబోయింది. ఎక్కడ మొదలుపెట్టాలో దానికి తెలియలేదు. ఊరుకుంది. అతను నమిలాడు, మింగాడు, కళ్ళు తుడుచుకున్నాడు.

"ఎలా ఉంది?" అంది పేర్నీ.

అతను ఇంకో ముక్క కొరికి తల ఊపాడు.

"సరే అయితే, చేతులు కడుక్కుని ఇటురా. జనం నిలబడ్డారు," అందామె. మళ్ళీ పెనం మీద పిండి పోసింది.

పడవ మంచుగడ్డల మధ్య నెమ్మదిగా ఆవలి ఒడ్డు వైపు తిరిగింది. హల్వార్ కౌంటరు చుట్టూ తిరిగి వెళ్ళి, వెన్న కత్తి అందుకున్నాడు.